ఎండయు సిగ్గును

మా సత్తెనపల్లి యెండనుగూర్చి పల్నాటివారికి వేఱుగ జెప్ప బనిలేదు. చైత్రమాసముననే గోడనీడకూడ వేడెక్కును. అట్టి యెండలో మా తరగతి బాలుడొకడు రెండు చొక్కాలు తొడిగికొని వచ్చుట చూచి మేము నవ్వితిమి. తోడిపిల్లలు సాగరు కాలువలో నీదుచుండగా వాడు గట్టుననే కూర్చుండెడివాడు. తుదకు దెలిసినదేమనగా, వాని వీపున నొక పాలిపోయిన మచ్చ కలదు. అచ్చట గిల్లినను వానికి దెలియదు. రెండేండ్లుగా దల్లికైనను జూపలేదట! అది కుష్ఠురోగారంభము. వైద్యశాలలో నుచితముగ నిచ్చిన మందులను ఆఱునెలలు మ్రింగగా నయమైనది. ఇంక నాలస్యమైనచో చేతి వ్రేళ్లకు స్పర్శ పోయెడిదేమో. మా నాటి నవ్వు మాకు నేటికిని ముల్లై గ్రుచ్చుకొనుచున్నది.

ఒడలిని గప్పుకొనుటలో మర్యాద యెంత, భయమెంత యని యోచించుచుండగా మాకు జర్మనుల కథ జ్ఞప్తికి వచ్చెను. 1883లో లైప్‌జిగ్ నగరమున లూయీ కూనే యనునాతడు నీటితోడను, ఆవిరితోడను, పథ్యముతోడను రోగములు కుదుర్చు చికిత్సాలయమును స్థాపించెను. ఆయన గ్రంథమును ద్రోణంరాజు వేంకటచలపతిశర్మగారు 1894లోనే తెనిగించిరి. ప్రకృతిచికిత్సతోబాటు తొట్టిస్నానము మన యిండ్లకు వచ్చినది. అచ్చటివారు మఱియొక యడుగు వైచిరి: స్త్రీపురుషులు దిగంబరులై గాలికి, ఎండకు దేహము నొప్పగించుటయే యారోగ్యమనిరి. ఆ యడుగు మనదాక రాలేదు. అందులకు మేము విచారింపము.

ఆ మతమునకు బత్రికలు బుట్టినవి. కార్ల్ ఫాన్‌సెలో 1903లో 'డీ షోన్‌హైట్', అనగా 'సౌందర్యము', ప్రారంభించెను. మొదటి మహాయుద్ధానంతరము 'లాఖెండెస్ లేబెన్', అనగా 'నవ్వెడి జీవితము', మొదలగునవి బయలుదేఱినవి. వీనిని వట్టి వెఱ్ఱి యనరాదు. యంత్రశాలల పట్టణములలో వెలుతురెఱుగని గదుల బిల్లల యెముకలు వంగిపోవుచుండెను. 1919లో బెర్లిను వైద్యుడు హుల్డ్‌షిన్‌స్కీ దీపకిరణములతోడనే యా జబ్బును గుదిర్చి చూపెను. కాని పత్రికకు జందాదారులు కావలయునుగదా! ఎండలో నిలుచువారు కొందఱు, బొమ్మలు చూచువారు పెక్కండ్రు. అంగడిలో నా రెండవవాని కాసుకే విలువ హెచ్చు. ఆ కాసుతో బత్రిక బ్రదికెను. ఆ కాసువలననే దానికి నింద వచ్చెను. 1926లో బాలురను జెడు వ్రాతలనుండి కాపాడు చట్టము వచ్చెను. 1933 మార్చిలో గోరింగు ప్రష్యాలో నగ్నసంఘముల నణచుటకు ఉత్తరువిచ్చెను. రెండవ యుద్ధానంతరము పశ్చిమజర్మనీలో నిట్టి పత్రికలు మరల దలయెత్తినవి. 1973 నాటి చట్టసవరణతో నంతకంటె బచ్చి బొమ్మలే బజారున దొరకసాగెను. చూపరులు కాసులతోగూడ నటు తరలిరి. ఎండలో నిలుచువారికి బత్రిక యేల? ఎండ యుచితమే!

మొన్న సాయంకాలము కాలువగట్టునకు బోతిమి. మా బాలుడు వీపు తళతళలాడుచుండ నీదుచు, "మాస్టారూ, మీరు దిగరా?" యని కేకవైచెను. గొంతుదాక గుండీలు పెట్టుకొని మేము గట్టుననే కూర్చుంటిమి.