మీనా తీసినావిడ

2016లో ‘అ ఆ’ సినిమా వచ్చినప్పుడు మా ఇంట్లో పెద్దవాళ్లు అరగంట గడవకముందే పట్టేశారు, “ఇది మన మీనా కథే కదే!” అని. మీ ఇంట్లోనూ ఎవరో ఒకరు అనే ఉంటారు. యద్దనపూడి సులోచనారాణి గారి ఆ ‘మీనా’ నవల 1973లోనే సినిమాగా వచ్చింది. హీరో కృష్ణ, సంగీతం రమేశ్ నాయుడు అని ఇట్టే చెప్పేస్తారు. డైరెక్టరు ఎవరండీ అంటేనే తడుముకుంటారు. మీనాగా వేసినావిడే! విజయనిర్మల గారు.

ఆవిడ పేరెత్తితే దర్శకురాలిగా 44 సినిమాలు, 2002లో గిన్నిస్ రికార్డు అనేసి మాట మార్చేస్తాం. అంకె గొప్పదే, కాదనను. కానీ ఆ అంకె చాటున ఆవిడ పనితనం కనపడకుండా పోయిందే అని నా బాధ.

ఆవిడ సినిమా చదువు ఎక్కడ సాగిందో చూడండి. ‘పాండురంగ మహాత్మ్యం’లో చిన్ని కృష్ణుడు గుర్తున్నాడా? 1957 నాటి మాట, ఆ పిల్ల ఈవిడే. 1964లో మలయాళంలో ‘భార్గవీ నిలయం’. బషీర్ రాసిన కథ, తీసింది కెమెరామన్‌గా పేరుపడ్డ విన్సెంట్. తర్వాత ‘రంగుల రాట్నం’లో బి.ఎన్. రెడ్డి గారు, ‘సాక్షి’లో బాపు గారు. ‘సాక్షి’ అయితే స్టూడియో వదిలేసి గోదావరి పక్క పులిదిండి ఊళ్లో తీసిన సినిమా. నీడలతో భయపెట్టడం ఒకరి దగ్గర, పల్లెను ఉన్నదున్నట్టు చూపించడం ఇంకొకరి దగ్గర. అంతమంది చేతి కింద పనిచేసిన మనిషికి వేరే బడి ఎందుకండీ?

డైరెక్టరుగా ముందు మలయాళంలో ‘కవిత’ తీశారు. అదే ఏడు తెలుగులో ‘మీనా’.

ఇక్కడ ఒక్క నిమిషం ఆగండి. ఆ రోజుల్లో సెట్లో మానిటర్లు లేవు. డైరెక్టరు కెమెరా పక్కన నిలబడి, కళ్లతో చూసి ఓకే చెప్పాల్సిందే. మరి ఆ డైరెక్టరే మేకప్ వేసుకుని కెమెరా ముందుంటే? తన ముఖం ఎలా పలికిందో తనకి కనపడదు. ల్యాబు నుంచి రషెస్ వచ్చాకే తెలుస్తుంది. అప్పటికి బాగోలేదంటే మళ్లీ సెట్టు, మళ్లీ లైట్లు, మళ్లీ ముడి ఫిల్ము ఖర్చు. కథంతా మీనా చుట్టూనే తిరుగుతుంది కాబట్టి ఆవిడకి సెట్లో తీరిక లేదు. అయినా ఆ సినిమా ఎంత నెమ్మదిగా, ఎంత నిబ్బరంగా సాగుతుందో చూస్తే నాకు చెయ్యెత్తి మొక్కాలనిపిస్తుంది.

ఆవిడకన్నా ముందు దారి వేసినవాళ్లు లేకపోలేదు. భానుమతి గారు 1953లోనే ‘చండీరాణి’ని మూడు భాషల్లో తీశారు. 1968లో సావిత్రి గారు ‘చిన్నారి పాపలు’ తీసి దెబ్బతిన్నారు. ఆడవాళ్లకి డైరెక్షన్ ఎందుకమ్మా అనేవాళ్ల నోటికి ఆ ఉదాహరణ సిద్ధంగా ఉన్న రోజుల్లో ఈవిడ వచ్చారు. ఈవిడకీ దెబ్బ తగిలింది. 1974లో కృష్ణ గారితో ‘దేవదాసు’ తీస్తే, పాత ‘దేవదాసు’లోని నాగేశ్వరరావు గారిని మనసులోంచి తీసెయ్యలేని జనం తిప్పికొట్టారు. పార్వతి కూడా ఆవిడే.

అయినా ఆగలేదు. అసలు ఆవిడ గొప్పతనం నాకు అక్కడే కనిపిస్తుంది. ‘రామ్ రాబర్ట్ రహీమ్’లో రజనీకాంత్‌ని, ‘బెజవాడ బెబ్బులి’లో శివాజీ గణేశన్‌ని నడిపించారు. అన్నీ గొప్ప సినిమాలు అనను, కొన్ని మామూలువే. మగ డైరెక్టర్లు మామూలు సినిమాలు తీస్తూ ముప్ఫై ఏళ్లు నెట్టుకొస్తే ఎవరూ అడగరు కదా! ఒక ఆడమనిషి కూడా హిట్టయినా ఫ్లాపయినా మర్నాడు పొద్దున్నే సెట్టుకి వెళ్లి పని మొదలుపెట్టగలిగిందంటే, ఆ హక్కు ఆవిడే సంపాదించుకుంది. 2009లో ‘నేరము శిక్ష’ దాకా మెగాఫోను పట్టారు. 2019 జూన్ 27న వెళ్లిపోయారు.

ఈ ఆదివారం వీలు చేసుకుని ‘మీనా’ పెట్టుకోండి. ఇంట్లో పెద్దవాళ్లుంటే పక్కన కూర్చోబెట్టుకోండి. ఒక్కటే అడుగుతున్నా, టైటిల్స్ ముందుకు తోసెయ్యకండి. దర్శకత్వం అని ఆవిడ పేరు పడేదాకా ఆగండి.