అంకుశం ఎవరి చేతిలో?

జూన్ 22

ఇంటర్మీడియట్ పిల్లల కోసం తెస్తున్న రాజనీతి పదకోశంలో 'న' అక్షరం నా వాటాకు వచ్చింది. నియంత, నియంతృత్వం, నిరంకుశత్వం పక్కపక్కనే ఉన్నాయి. పాత ప్రతిలో మూడింటికీ దాదాపు ఒకటే వివరణ: 'ఒకే వ్యక్తి ఇష్టానుసారం సాగే పాలన'. ఇలా వదిలేయడానికి నాకు మనసొప్పడం లేదు. ఏలినవాడు ఒక్కడే అన్నంత మాత్రాన సరిపోతే అయోధ్యకూ లంకకూ తేడా ఏముంది? అక్కడా ఒక్కడే, ఇక్కడా ఒక్కడే.

ఈ చిక్కు అరిస్టాటిల్‌కూ వచ్చింది. ఏలేది ఒక్కరా, కొందరా, చాలామందా అని లెక్కపెట్టి అక్కడితో ఆగలేదాయన. ఎవరి మేలు కోసం అని ఇంకో ప్రశ్న వేశాడు. అందరి మేలు కోసం ఏలితే రాచరికం, తన మేలు కోసం ఏలితే దౌష్ట్యం అన్నాడు. మంచి ప్రశ్నే. కానీ నా మేలు కోసమే ఏలుతున్నానని చెప్పుకున్న పాలకుణ్ణి నేనింతవరకు చరిత్రలో చూడలేదు. పిల్లల చేతికి ఇంకా గట్టి గీటురాయి ఇవ్వాలి.

జూన్ 25

పొద్దుటి నుంచీ నిఘంటువులే. నిరంకుశం అంటే అంకుశం లేనిది. మావటివాడి చేతిలో ఇనుప కొక్కెం లేనప్పటి ఏనుగు. కవులకు ఈ విశేషణాన్ని పూర్వులు ప్రేమగానే ఇచ్చారు, వ్యాకరణం వాళ్లను కట్టిపడేయలేదని. పాలకుడి విషయానికి వచ్చేసరికి అదే మాట భయం పుట్టిస్తుంది.

నియంత కథ వేరు. సంస్కృతంలో నియంత అంటే అదుపు చేసేవాడు. రథం తోలే సారథికీ ఆ పేరుంది. పగ్గాలు పట్టినవాడన్నమాట. మన పత్రికలు ఈ రెంటినీ వాడే తీరు చూస్తే ఎవరూ రాసిపెట్టని పద్ధతి ఒకటి కనిపిస్తుంది. జారు, నిజాం అనగానే 'నిరంకుశ' అని పడుతుంది. హిట్లర్, ముస్సోలినీ అనగానే 'నియంత' అని పడుతుంది. చెవికి బాగుందని అలా రాస్తూ వచ్చారని నేననుకోను. మొదటి రకం సింహాసనం మీద పుట్టినవాళ్లు, దేవుడి పేరు చెప్పేవాళ్లు. రెండో రకం జనం పేరు చెప్పి వచ్చినవాళ్లు. హిట్లర్‌కు చట్టాలు చేసే అధికారాన్ని ధారపోసింది జర్మన్ పార్లమెంటే, 1933 మార్చి 23న, 444 ఓట్లతో. వ్యతిరేకంగా పడినవి 94. కమ్యూనిస్టు సభ్యులను అప్పటికే రానివ్వలేదు. ఆ 94 మందీ సోషల్ డెమొక్రాట్లు. సభ చుట్టూ మూకలు కాపుకాసి ఉండగా లేచి కాదన్నారు. వాళ్ల మాట కోశంలో రాకపోయినా ఇక్కడైనా రాసుకోవాలనిపించింది.

'ఏకచ్ఛత్రాధిపత్యం' మాత్రం అచ్చంగా పొగడ్త మాటే. భూమంతా ఒకే గొడుగు కింద అనడంలో ఆ గొడుగు పట్టేవాడి చేతుల నొప్పి వినిపించదు.

జూలై 1

ఇంగ్లీషువాళ్ల 'ఆటోక్రసీ' గ్రీకు నుంచి వచ్చింది. ఆ గ్రీకు మాట 'ఆటోక్రటార్' మొదట్లో తిట్టు కాదు. క్రీ.పూ. 415లో ఏథెన్స్ సభ సిసిలీ దండయాత్రకు ముగ్గురు సేనానులను పంపుతూ వాళ్లకు ఈ విశేషణమే ఇచ్చింది. ప్రతి చిన్నదానికీ ఇంటికి కబురు పెట్టి అడగనక్కర్లేదు, అక్కడికక్కడ మీరే నిర్ణయించుకోవచ్చు అని. అయినా ఆ ముగ్గురిలో ఒకడైన అల్సిబియాడిస్‌ను అదే ఏథెన్స్ విచారణకు వెనక్కి రమ్మంది. (అతను దారిలో తప్పించుకుని శత్రువుల పంచన చేరాడు, అది వేరే సంగతి.) సంపూర్ణాధికారం ఇచ్చినవాళ్ల దగ్గరే తీసుకునే హక్కూ ఉండిపోయింది.

రోమ్‌లో 'డిక్టేటర్' కూడా అలాంటి పదవే. ఆపద వస్తే ఒక్కడికి అధికారమంతా అప్పగిస్తారు, గడువు ఆరు నెలలు. సిన్సినాటస్ పని ముగించి పదహారో రోజున దిగిపోయి పొలానికి వెళ్లాడని రోమన్లు తరతరాలుగా చెప్పుకున్నారు. క్రీ.పూ. 82లో సుల్లా గడువు లేకుండా ఆ పదవి తీసుకున్నాడు. మూడేళ్లు తిరగకముందే తనంతట తానే దిగాడు కానీ, గడువు లేకుండా కూర్చోవచ్చన్న సంగతి అందరికీ తెలిసిపోయింది. 44లో సీజర్ దాన్ని జీవితాంతం చేసుకున్నాడు. ఆ తర్వాత కొన్ని వారాలకే, మార్చి 15న, హత్యకు గురయ్యాడు.

మన దగ్గరా ఈ మాట మంచి అర్థంలో నడిచిన రోజులున్నాయి. శాసనోల్లంఘన ఉద్యమంలో కాంగ్రెసు సంఘాలను ప్రభుత్వం నిషేధిస్తే, అధికారమంతా ఒక్కరికి అప్పగించి ఆ మనిషిని 'డిక్టేటర్' అనేవారు. ఆ డిక్టేటర్‌కు దక్కేది జైలు. ఆయన లోపలికి వెళ్లగానే తర్వాతివారు ఆ బాధ్యత ఎత్తుకునేవారు.

జూలై 6, ఆదివారం

ఇవాళంతా రష్యాలోనే ఉన్నాను.

మా తరానికి 'జారు నిరంకుశత్వం' అనే జంటపదం విశాలాంధ్ర పుస్తకాల వ్యాను దగ్గర పరిచయమైంది. ఉప్పల లక్ష్మణరావు గారి వంటివాళ్లు మాస్కోలో కూర్చుని తెలుగు చేసి పంపిన పుస్తకాలు, నున్నటి కాగితం, చవక ధర. జారు అంటే నిరంకుశుడు అని అప్పుడే మనసులో పడిపోయింది. కానీ ఆ మాట రష్యన్‌లో ఏమిటో, ఎలా పుట్టిందో అప్పట్లో ఎవరూ చెప్పలేదు.

రష్యన్‌లో అది 'సమొదెర్జావియె'. 'సమొ' అంటే తాను, 'దెర్జాత్' అంటే పట్టుకోవడం. తన పట్టులో తానే ఉన్నవాడు. గ్రీకు ఆటోక్రటార్‌కు అనువాదం. పదిహేనో శతాబ్దంలో మాస్కోను ఏలిన మూడో ఇవాన్ కాలాన ఈ బిరుదుకు ఉన్న అర్థం నన్ను ఆపేసింది. 1480లో ఉగ్రా నది ఒడ్డు నుంచి తాతారు సేన యుద్ధం లేకుండా వెనుదిరిగింది. మాస్కో ఇక ఆ తాతారు ఖానుకు కప్పం కట్టనక్కర్లేదు. ఆ రోజుల్లో 'సమొదెర్జెత్స్' అంటే పరాయివాడికి లొంగని రాజు అనే. అది స్వాతంత్ర్యపు మాట. ప్రజలకు గర్వకారణమైన మాట.

తర్వాత ఆ మాట లోపలికి తిరిగింది. 1716లో జారు పీటర్ సైనిక శాసనంలో రాయించింది ఇది: చక్రవర్తి తన పనులకు లోకంలో ఎవరికీ జవాబు చెప్పనక్కర్లేదు. బయటివాడికి తలవంచను అన్నది, ఇంట్లోవాళ్లకు లెక్క చెప్పను అన్నదిగా మారింది. మాట అదే, గౌరవమూ అదే. ఎదుటివాళ్లే మారారు. ఈ కోశంలో నేను రాయదలచుకున్నదంతా ఈ మలుపులోనే ఉంది.

1730 సంగతి ఇంకా బాధ పెడుతుంది. గద్దె ఖాళీ అయితే పెద్దల మండలి అన్నా ఇవానొవ్నాను పిలుస్తూ కొన్ని షరతులు పెట్టింది. మండలి ఒప్పుకోకుండా యుద్ధం ప్రకటించకూడదు, కొత్త పన్నులు వేయకూడదు, వారసుణ్ణి నియమించకూడదు. ఆమె సంతకం చేసింది. మాస్కో చేరాక, మండలి మీద అనుమానం ఉన్న ప్రభువర్గం వాళ్లే వచ్చి పూర్వంలాగే ఏలమని వేడుకున్నారు. ఆమె ఆ కాగితాన్ని అందరి ముందూ చింపేసింది. కొందరి చేతిలోకి వెళ్లబోయిన అంకుశం తమ చేతికి రాదన్న కోపంతో అసలు అంకుశమే వద్దన్నారు వాళ్లు. ఆ కాగితాన్ని చింపకుండా దిద్దుకుని ఉంటే ఆ దేశపు దారి ఎలా ఉండేదో!

ఇక 1906. రష్యా మూల శాసనాలలో మొదటి నిబంధన అంతవరకూ చక్రవర్తిని 'నిరంకుశ, అపరిమిత' ప్రభువు అనేది. విప్లవం ఒత్తిడికి దూమా అనే చట్టసభ ఏర్పడబోతోంది కనుక ఆ వాక్యాన్ని మార్చాలి. ఏప్రిల్‌లో జరిగిన సమాలోచనలో రెండో నికొలస్‌ను వేధించింది ఆ ఒక్క విశేషణమే. పూర్వీకుల నుంచి వచ్చిన అధికారపు హద్దులను మార్చే హక్కు తనకుందా అని తటపటాయించాడు. చివరికి 'అపరిమిత' తీసేసి 'నిరంకుశ' ఉంచారు. అంటే పరిమితి ఉన్న నిరంకుశుడు! పరిమితి ఎంతవరకో మరుసటి ఏడే తేలింది. 1907 జూన్ 3న రెండో దూమాను రద్దు చేసి, దూమా ఆమోదం లేనిదే మార్చకూడని ఎన్నికల చట్టాన్ని తన ఉత్తరువుతోనే మార్చాడు. పదేళ్లకు, 1917లో, గద్దె దిగాడు.

ఒకటి మరిచిపోకూడదు. ఆ చవక పుస్తకాల్లో జారు నిరంకుశత్వం ఉండేది, స్టాలిన్ నిరంకుశత్వం ఉండేది కాదు. 'శ్రామికవర్గ నియంతృత్వం' అన్న మాట మాత్రం ఆశగా, వాగ్దానంగా వినిపించేది. ఒక వర్గమంతటి పేర వచ్చిన అధికారం ఒక్క మనిషి చేతిలోకి ఎలా చేరిందో అందులో రాయలేదు. చదువుకున్నవాళ్లం మేమూ అడగవలసినంత అడగలేదు.

జూలై 7

చెల్లెలి కూతురు గ్రూప్-2 చదువుకుంటోంది. సాయంత్రం వచ్చి, "పెద్దమ్మా, నిజాం నిరంకుశుడా కాదా, ఒక్క ముక్కలో చెప్పు" అంది. ఒక్క ముక్కలో చెప్పలేదు. కూర్చోమన్నాను.

జూలై 13

అమ్మాయికి చెప్పినదే ఇక్కడ కుదురుగా రాసుకుంటున్నాను.

నిజాం మీర్ ఉస్మాన్ అలీ ఖాన్ 1911లో గద్దె ఎక్కాడు. 1919లో కార్యనిర్వాహక మండలి పెట్టాడు, సర్ అలీ ఇమామ్‌ను దానికి సదర్-ఎ-ఆజంగా (అధ్యక్షుడిగా) పిలిపించాడు. మండలి సలహా ఇస్తుంది, ఫర్మానా మాత్రం ఆయనది. సర్ఫ్-ఎ-ఖాస్ భూముల రాబడి నేరుగా ఆయన ఖజానాకే. ఊళ్లో సభ పెట్టుకోవాలంటే గస్తీ నిషాన్ 53 అనే ఉత్తరువు కింద ముందే అనుమతి తెచ్చుకోవాలి. 1930లో జోగిపేటలో సురవరం ప్రతాపరెడ్డి అధ్యక్షతన తొలి ఆంధ్ర మహాసభ జరిగింది ఇలాంటి కట్టడుల మధ్యనే. ప్రజలకు లెక్క చెప్పనక్కర్లేకపోవడం ఒక్కటే చూస్తే ఆయన పీటర్ శాసనానికి సరిగ్గా సరిపోతాడు.

మూడో ఇవాన్ అర్థంలో చూస్తే? సరిపోడు. బ్రిటిష్‌వారి చేతిలో ఉన్న బేరార్ ప్రాంతాన్ని తిరిగి ఇమ్మని అడుగుతూ తాను బ్రిటిష్‌వారితో సమానుడినన్నట్టు రాస్తే, 1926 మార్చి 27న వైస్రాయి రీడింగ్ జవాబిచ్చాడు: ఈ దేశంలో బ్రిటిష్ కిరీటానిదే పైచేయి, ఏ సంస్థానాధీశుడూ సమాన హోదాలో మాట్లాడలేడు అని. కోఠీలో బ్రిటిష్ ప్రతినిధికి (రెసిడెంటుకు) రెసిడెన్సీ భవనం ఉండింది అందుకే. పైవాడి అంకుశం నెత్తి మీదే ఉంది. కిందివాడి చేతిలో ఏ అంకుశమూ లేదు. తెల్లవాళ్లు వెళ్తున్నారని తేలగానే 1947 జూన్‌లో ఇక తాను స్వతంత్ర ప్రభువునని ప్రకటించుకున్నాడు. ఇవాన్ అర్థాన్ని కోరుకున్నాడు, పీటర్ అర్థాన్ని వదులుకోకుండా.

అమ్మాయి అంతా విని, "అయితే సగం నిరంకుశుడు అని రాయనా?" అంది. రాయకు అన్నాను. మునిపంపుల ఊరి బీదరైతుకు రెసిడెంటు ఎవరో తెలియదు. అతని మెడ మీద పడినది పూర్తి నిరంకుశత్వమే.

జూలై 20

బీదరైతు గురించి అన్న ఆ మాట మీదే మనసు ఉండిపోయింది. రైతుకు నిజాం కూడా కనిపించలేదు. కనిపించింది ఊరి దొర ఉండే గడీ. 'నీ బాంచెన్ దొరా, కాల్మొక్త' అన్నది ఫర్మానా పంపినవాణ్ణి ఉద్దేశించి కాదు, గడీ అరుగు మీద కూర్చున్నవాణ్ణి ఉద్దేశించి. వెట్టిని నిషేధిస్తూ నిజాం నుంచి ఫర్మానాలు రాకపోలేదు. అవి గడీ దర్వాజా దాటి లోపలికి పోలేదు. పన్ను వసూలుకు, కాపలాకు, భయపెట్టడానికి ఆ దొరలే కావలసినప్పుడు, వాళ్ల మీద తన మాట నెగ్గించుకునే బలం ప్రభువుకూ ఉండదు. ఒక్కడి పాలన అంటాం కానీ ఆ ఒక్కడూ ప్రతి ఊళ్లో తనలాంటి ఒక్కొక్కణ్ణి పెట్టుకోక తప్పదు. 1946 జూలై 4న కడవెండిలో దొడ్డి కొమరయ్య నేలకొరిగింది విసునూరు దొర మనుషుల తుపాకులకే.

కోశంలో ఈ సంగతికి రెండు వాక్యాలైనా చోటు అడగాలి. సంపాదకులు నిడివి ఎక్కువైందంటే వేరేచోట కోసుకోమంటాను.

జూలై 27

1949 నవంబరు చివరి వారం. హైదరాబాదు మీద భారత సైన్యం జరిపిన 'పోలీసు చర్య' ముగిసి ఏడాది దాటింది. ఢిల్లీలో రాజ్యాంగం సిద్ధమవుతోంది. 23న నిజాం ఒక ఫర్మానా ఇచ్చాడు: భారత రాజ్యాంగమే హైదరాబాదు రాజ్యానికీ రాజ్యాంగం. ఫర్మానాల కాలాన్ని ముగించే కాగితానికి ఫర్మానాతోనే ఒప్పుకోలు.

రెండు రోజులకు, 25న, రాజ్యాంగ సభలో అంబేడ్కర్ చివరి ప్రసంగం. ఎంత గొప్పవాడైనా సరే, తమ స్వేచ్ఛలను అతని పాదాల దగ్గర పెట్టవద్దని జాన్ స్టువర్ట్ మిల్ అన్న మాటను గుర్తుచేశాడు. మతంలో భక్తి ముక్తికి దారి కావచ్చు. రాజకీయాల్లో భక్తి, వ్యక్తిపూజ పతనానికీ, చివరికి నియంతృత్వానికీ దారి తీస్తాయని హెచ్చరించాడు. రాజులు పోతున్న వారంలోనే ఆయన భయం రాజుల గురించి కాదు, మన గురించి. అన్నా ఇవానొవ్నా ముందు మోకరిల్లి కాగితం చింపమన్న ప్రభువులు నాకు మళ్లీ గుర్తుకొచ్చారు. దండం పెట్టి అంకుశాన్ని అప్పగించేవాళ్లు అన్ని దేశాల్లోనూ ఉంటారు.

ఈ ప్రసంగాన్ని పిల్లలు పాఠ్యపుస్తకపు పెట్టెలో చిన్న అక్షరాల్లో కాదు, మొత్తంగా చదవాలి.

ఆగస్టు 2

పదాల వివరణలు రాసి పంపాను. కుదించినవి ఇవి:

నిరంకుశత్వం: పాలకుణ్ణి అడిగే, ఆపే, దించే అధికారం పాలితులకు లేని పాలన. సాధారణంగా వంశపారంపర్యం. పైన మరో ప్రభుత్వానికి లోబడి ఉన్నా పాలితుల పట్ల నిరంకుశమే కావచ్చు, ఉదా. హైదరాబాదు సంస్థానం. స్థానిక దొరల అధికారం చూడు.

నియంత: సంక్షోభం పేరనో, ప్రజల పేరనో అధికారమంతా చేతిలోకి తీసుకున్నవాడు. పూర్వం రోమ్‌లో ఆరు నెలల గడువున్న పదవి. గడువు తొలగినప్పటి నుంచి నేటి అర్థం.

'రాజప్రముఖ్' (రాష్ట్రాధిపతి) అన్న మాట కూడా నాకే ఇచ్చారు. 1950 జనవరి 26 నుంచి 1956 అక్టోబరు 31 దాకా అదే ఉస్మాన్ అలీ ఖాన్ హైదరాబాదు రాజప్రముఖుడు. 1952 ఎన్నికల తర్వాత బూర్గుల రామకృష్ణారావు ముఖ్యమంత్రి అయ్యారు. రాజప్రముఖ్ పదవికి ఉన్న అధికారాలు రాజ్యాంగంలో ఏ అధికరణం కింద వచ్చాయో సోమవారం లైబ్రరీలో చూసి రాయాలి. ఆ తర్వాత 'వెట్టి'.