లారీల దారి, ఇంటి గడప

కోయంబత్తూరు నుంచి మదురైకి ఒక దగ్గర దారి పొల్లాచ్చి, పళని మీదుగా పోతుంది. నేను మాత్రం అవినాశి, నామక్కల్, దిండిగల్ మీదుగా చుట్టూ తిరిగిపోయే లారీల దారి పట్టాను. నాయకరాజుల నాటి నుంచి తెలుగిళ్లు, తమిళిళ్లు కలిసి బతికే ఈ నేల మీద ఎయిడ్స్ ఏం చేసిందో తెలియాలంటే ఆ దారినే పోవాలి.

పెరుందురైలో పాత క్షయ శానిటోరియం ఉంది. హెచ్‌ఐవీ ఒంట్లో శక్తిని పీల్చేశాక చాలామందిని పొట్టనబెట్టుకున్నది క్షయే.

శంకగిరి దాటితే తిరుచెంగోడు. మన సీమలో, తెలంగాణలో బోర్లు వేసిన రిగ్గులు ఎన్నో ఇక్కడివే. ఆ పక్కన నామక్కల్, లారీలకు బాడీలు కట్టే ఊరు. మెట్ట సేద్యం కూడు పెట్టక స్టీరింగు పట్టిన కుర్రాళ్లు నెలల తరబడి ఇల్లు చూడరు. 1986లో మద్రాసులో డాక్టర్ సునీతి సోలోమన్, ఆమె శిష్యురాలు నిర్మల దేశంలో తొలిసారి హెచ్‌ఐవీని గుర్తించారు. తర్వాతి ఏళ్లలో బాగా దెబ్బతిన్న జిల్లాల్లో ఈ లారీల నామక్కల్ ఒకటి.

ఊరు దాటని ఆడవాళ్లకూ ఆ జబ్బు సోకింది. నామక్కల్ ఆడపడుచు పి. కౌసల్యకు 1995లో ఇరవై ఏళ్లకే పెళ్లయింది. లారీ నడిపే భర్త నుంచి హెచ్‌ఐవీ వచ్చింది. ఇలాంటి కోడళ్లకు మందు కన్నా ముందు నింద ఎదురయ్యేది. కౌసల్య తలదించుకోలేదు. తోటివారితో కలిసి 1998లో చెన్నైలో పాజిటివ్ విమెన్ నెట్‌వర్క్ స్థాపించింది. ఉగాండాలో 1987లో భర్తను పోగొట్టుకున్న నోరీన్ కలీబా కూడా ఇలాగే ఎయిడ్స్ బాధితులకు ఆసరా ఇచ్చే 'టాసో' సంస్థను నిలబెట్టింది. పేద దేశాల్లో మందుల కన్నా ముందు ఆసరా అయింది ఇలాంటి ఆడవాళ్లే.

కరూరు మీదుగా దిండిగల్ వెళ్లే ఈ రహదారి మీదే ఉత్తరాన, మందులు తయారయ్యే హైదరాబాద్ ఉంది. ఏడాదికి పది వేల డాలర్లు దాటిన మందుల ఖర్చును 2001లో ముంబయి మందుల కంపెనీ సిప్లా మూడొందల యాభైకి దించింది. 2003లో ధర ఇంకా తగ్గించడానికి ఒప్పుకున్న కంపెనీల్లో హైదరాబాద్‌కు చెందిన మాట్రిక్స్ ఉంది. 2004 ఏప్రిల్ 1న తమిళనాడు, ఆంధ్ర సహా ఆరు రాష్ట్రాల్లో ప్రభుత్వం ఉచితంగా మందులివ్వడం మొదలుపెట్టింది.

మదురై రాజాజీ ఆసుపత్రిలో ఇప్పుడు హెచ్‌ఐవీ మందులిచ్చే ఏఆర్‌టీ కేంద్రం ఉంది. మందు లేకుంటే తల్లి నుంచి బిడ్డకు సోకే ముప్పు నూటికి పదిహేను నుంచి నలభై అయిదు. సరిగ్గా వాడితే అయిదులోపే. రోజూ మాత్ర వేసుకుని, రక్తంలో వైరస్ కనబడని స్థాయికి తగ్గినవారి నుంచి కాపురంలో జబ్బు సోకదు. ఉద్యోగంలో, చదువులో, వైద్యంలో వివక్ష చూపకూడదని 2017 నాటి చట్టం చెబుతోంది. ఈ సంగతులు ఆసుపత్రి గోడల మీద ఉంటే చాలదు. పెళ్లి మాటలు జరిగే అరుగు మీద, అత్తాకోడళ్ల నడుమ, పెద్దలు నోరు తెరిచి చెప్పాలి. తెలియకపోవడం వల్ల ఇంకో కోడలు నష్టపోకూడదు.