విలియమ్స్‌టౌన్ రేవులో కాసిల్‌మెయిన్

మెల్‌బోర్న్‌ శివారు విలియమ్స్‌టౌన్‌లో, జెమ్ పియర్‌కు కట్టేసి ఉన్న బూడిదరంగు ఓడ హెచ్‌ఎంఏఎస్ కాసిల్‌మెయిన్. రెండో ప్రపంచ యుద్ధంలో మైన్‌స్వీపర్. సముద్రంలో శత్రువు పరిచిన మైన్లను ఏరివేయడం దాని పని. ఇప్పుడది మ్యూజియం. టార్నీట్, పాయింట్ కుక్ వైపు స్థిరపడిన తెలుగు కుటుంబాలకు కారులో కాసేపటి దారి.

పియర్ మీంచి చూస్తే చిన్న ఓడే. పొడవు 57 మీటర్లు, వెడల్పు తొమ్మిదిన్నర. యుద్ధకాలంలో ఇందులో ఎనభై మంది దాకా ఉండేవారు. నిటారు నిచ్చెన పట్టుకుని, తల తగలకుండా వంగి నావికుల గదిలోకి దిగాక ఆ లెక్క నమ్మబుద్ధి కాలేదు. తిండి, కబుర్లు, నిద్ర అన్నీ అక్కడే. పడక అంటే పైకప్పు కొక్కేలకు వేలాడదీసిన గుడ్డ ఉయ్యాల.

1938లో ఆస్ట్రేలియా నౌకాదళం తన తీరాన్ని కాచుకోవడానికి స్వదేశంలోనే తేలిగ్గా కట్టుకోగల ఓడ కావాలనుకుంది. మొదట 500 టన్నులు, 10 నాట్ల వేగం చాలనుకున్నారు. మైన్లు ఏరడంతో పాటు జలాంతర్గాములను వేటాడాలి, సరుకు ఓడలకు కాపలా వెళ్ళాలి అనేసరికి నమూనా 650 టన్నులు దాటింది, వేగం 15 నాట్లకు చేరింది. జలాంతర్గాముల వేట సంగతి పొక్కకుండా కాగితాల మీద ‘ఆస్ట్రేలియన్ మైన్‌స్వీపర్’ అనే రాసుకున్నారు. జనం నోట మాత్రం కార్వెట్. బాతర్స్ట్ తరగతి అనే ఈ ఓడలను ఎనిమిది నౌకా నిర్మాణ కేంద్రాల్లో 60 కట్టారు. కాసిల్‌మెయిన్ పుట్టింది ఇదే ఊళ్ళో. 1941 ఆగస్టు 7న నీళ్ళలోకి దిగింది, 1942 జూన్ 17న విధుల్లో చేరింది.

తీరిగ్గా చూడవలసింది ఇంజిన్ గది. రెండు ఆవిరి ఇంజిన్లు. ఒకే ఆవిరి పెద్ద ఒత్తిడితో చిన్న సిలిండర్‌లోకి, అక్కడి నుంచి అంతకన్నా పెద్దదానిలోకి, చివరికి అన్నిటికన్నా పెద్దదానిలోకి పోతూ మూడుసార్లు పని చేస్తుంది. అప్పటికే పెద్ద యుద్ధనౌకలు టర్బైన్ల మీద నడుస్తున్నాయి. కానీ టర్బైన్ల తయారీకి చాలా సూక్ష్మమైన పనితనం కావాలి. ఈ పాతకాలపు ఇంజిన్లనైతే రైల్వే వర్క్‌షాపులు కూడా చేసిపెట్టగలవు, చేసిపెట్టాయి కూడా. చేతిలో ఉన్న కార్మికులకు, యంత్రాలకు తగినట్టు ఓడను గీసిన ఆ ఇంజనీర్ల తెలివే అరవై ఓడలను సాధ్యం చేసింది.

ఇక మైన్ల సంగతి. అడుగున బరువుకు గొలుసుతో కట్టి, నీటిమట్టానికి కాస్త కిందుగా తేలేలా వదిలిన మైన్లకు ఒరొపేసా పద్ధతి వాడేవారు. ఓడ వెనుక నుంచి పొడవాటి ఉక్కు తాడు వదులుతారు. నీటి ఒరవడికి పక్కకు జరిగే చట్రం ఒకటి దాన్ని దూరంగా లాగుతుంది, మరొకటి తగిన లోతులో తొక్కిపట్టి ఉంచుతుంది. చివర జెండా కట్టిన తేలుడు గుల్ల. గొలుసుకు తాడు ఒరుసుకుని తెంపగానే మైన్ పైకి తేలుతుంది. దాన్ని తుపాకులతో కాల్చి ముంచాలి. ఈ పని చేస్తూ ఓడ నడవాల్సింది మైన్లున్న నీటిలోనే!

ఈ తీరానికి ఆ ముప్పు నిజంగానే వచ్చింది. 1940 నవంబరులో జర్మన్లు పరిచిన మైన్లకు తగిలి విక్టోరియా తీరంలో కేంబ్రిడ్జ్, సిటీ ఆఫ్ రేవిల్ అనే రెండు సరుకు ఓడలు వరుస రోజుల్లో మునిగిపోయాయి.

కాసిల్‌మెయిన్‌కు గట్టి పరీక్ష మాత్రం టిమోర్ దగ్గర ఎదురైంది. 1942 నవంబరు చివర తోటి ఓడ ఆర్మిడేల్‌తో కలిసి డార్విన్ నుంచి బయల్దేరింది. శరణార్థులను ఎక్కించుకుని ఇది వెనక్కి మళ్ళింది. ఆర్మిడేల్ ముందుకు సాగింది. డిసెంబరు 1న జపాన్ విమానాలు దాన్ని ముంచేశాయి. అందులోని 149 మందిలో 100 మంది తిరిగి రాలేదు. మునుగుతున్న ఓడ మీద చివరిదాకా తుపాకీ పేల్చిన టెడ్డీ షీన్‌కు పద్దెనిమిదేళ్ళు. అతనికి విక్టోరియా క్రాస్ దక్కింది 2020లో! అంత ఆలస్యం మనసును కలచివేస్తుంది.

మనకు దగ్గరి కథ మరొకటుంది. ఆ అరవైలో నాలుగు ఓడలు రాయల్ ఇండియన్ నేవీకి వచ్చాయి: బెంగాల్, బొంబాయి, మద్రాస్, పంజాబ్. 1942 ఏప్రిల్ 6న విశాఖ, కాకినాడల మీద బాంబులు వేసిన జపాన్ నౌకాదళం ఆ తరువాత కూడా హిందూ మహాసముద్రంలో సంచరిస్తూనే ఉంది. ఆ ఏడు నవంబరు 11న డచ్ ట్యాంకర్ ఒండినాకు తోడుగా వెళ్తున్న బెంగాల్‌కు జపాన్ ఓడలు హొకోకు మారు, ఐకోకు మారు ఎదురయ్యాయి. ఒక్కొక్కటి పదివేల టన్నులకు పైమాటే. ట్యాంకర్‌ను తప్పించుకోమని చెప్పి, కెప్టెన్ విల్సన్ తన ఓడను నేరుగా శత్రువు మీదికి నడిపించాడు. హొకోకు మారు పేలి మునిగింది. ఆ దెబ్బ బెంగాల్‌దా, ఒండినాదా అన్న వాదన ఇంకా ఉంది. ఒండినా తన కెప్టెన్‌ను పోగొట్టుకున్నా రెండు ఓడలూ రేవులు చేరాయి.

స్వాతంత్ర్యం తరువాత ఐఎన్ఎస్ బెంగాల్‌గా కొనసాగిన ఆ ఓడను 1960లో తుక్కు కింద విడగొట్టారు. ఈ తరగతిలో మ్యూజియంలుగా మిగిలినవి రెండే: దక్షిణ ఆస్ట్రేలియాలో వయల్లా, ఇక్కడ స్వచ్ఛంద కార్యకర్తలు బాగుచేసి కాపాడుతున్న కాసిల్‌మెయిన్.