ఉపవాసం ఆయనది, రుబ్బడం నాది

కార్తీకమాసం వస్తోందంటే అందరికీ దీపాలూ, గోదావరి స్నానాలూ, శివాలయం గంటలూ గుర్తొస్తాయి. నాకు మాత్రం పెసలు నానబొయ్యడం గుర్తొస్తుంది. ఈ మాట పైకంటే నాస్తికురాలిననుకుంటారు గానీ, నాకు దేవుడితో ఏ పేచీ లేదు. నా పేచీ అంతా ఉపవాసం ఉండే మగవాళ్ళతోనే.

మామూలు రోజుల్లో మా అత్తవారింట్లో వంట సుఖంగా సాగిపోయేది. ఓ పప్పు, ఓ కూర, చారు, మజ్జిగ. పదకొండింటికి పొయ్యి కట్టేస్తే మళ్ళీ సాయంత్రం దాకా వంటింటి వైపు తొంగిచూసే పని లేదు. ఇంట్లో ఎవరో ఒకరు ఉపవాసమన్నారంటే మాత్రం గుండెల్లో రాయి పడేది. తినేవాళ్ళకి వండిపెట్టడం తేలికండీ. తిననివాళ్ళకి వండిపెట్టడం ఉంది చూశారూ, అది మహా కష్టం.

మా మావగారి అన్నగారు, అంటే మా పెదమావగారు, కార్తీక సోమవారాలు ఉపవాసం ఉండేవారు. పొద్దున్నే గోదావరి స్నానం చేసి, విభూతి రేఖలు పెట్టుకుని, శివాలయానికి వెళ్ళొచ్చి పడక్కుర్చీలో వాలేవారు. "అమ్మాయ్, ఇవాళ నాకేమీ వద్దు, ఉపవాసం" అని ప్రకటించేవారు. ఆ ప్రకటన వీధి చివరింటికి కూడా వినపడేది. ఆ 'ఏమీ వద్దు'లోని వివరాలు తర్వాత ఒక్కొక్కటే బయటికొచ్చేవి. కాఫీ ఉపవాసం కిందికి రాదు. అరటిపళ్ళు గుళ్ళోంచి వచ్చినవి కనక లెక్కలోకి రావు. పదింటికి ఉప్మా. "కాస్త జీడిపప్పు తగలనీ అమ్మాయ్, ఒట్టి కడుపు కదా, నీరసం కమ్ముతుంది." మధ్యాహ్నం నిద్ర లేచాక సగ్గుబియ్యం పాయసం. ఇక సాయంత్రం చుక్క చూసి పెసరట్టు, అల్లప్పచ్చడి. ఉల్లిపాయ ముక్క పడకూడదు సుమా, నిష్ఠ!

కార్తీకం మా వైపు వాయుగుండాల కాలం. మబ్బు పట్టిందంటే చుక్క కాదు గదా, చంద్రుడు కూడా కనపడడు. పిల్లల్ని డాబా మీదికి తరిమేవారు, చుక్క పొడిచిందేమో చూసి రమ్మని. ఓ సోమవారం మా చిన్నాడు వానలో తడిసి దిగొచ్చి, "ఒకటి కనపడింది తాతయ్యా, కానీ ఎర్రగా ఉంది" అన్నాడు. వాడు చూసింది టెలిఫోన్ ఎక్స్ఛేంజి టవరు మీది దీపమని మా అందరికీ తెలుసు. ఆయనకీ తెలుసు. "అంగారకుడై ఉంటాడ్రా. అమ్మని అట్టు వెయ్యమను" అన్నారు.

అట్టు సంగతి వచ్చింది కనక చెప్పాలి. ఉపవాసం నాడు ఆయన అన్నం మెతుకు ముట్టరు. కానీ పెసరట్టు పిండిలో గుప్పెడు బియ్యం పడందే అట్టు కరకరలాడదని వంట తెలిసినవాళ్ళందరికీ తెలుసు. బియ్యం మానేసి వేస్తే పెనానికి అతుక్కుని, మడతపెట్టబోతే ముక్కలయ్యేది. ఆయన అట్టు అంచు చిదిమి చూసి "ఇవాళ బియ్యం వెయ్యలేదా?" అని అడిగేవారు. "ఉపవాసం కదండీ" అంటే, "రుబ్బాక అది అన్నమెలా అవుతుందే?" అనేవారు. ఇడ్లీ రవ్వ బియ్యం నూకే. రవ్వైతే పరవాలేదు, మెతుకైతే పనికిరాదు! ఈ సూత్రం ఏ శాస్త్రంలో ఉందో గానీ తెలుగుదేశమంతా శిరసావహిస్తోంది. ఏకాదశి నాడు ఏ ఊరి హోటలుకైనా వెళ్ళి చూడండి, టిఫిన్ల బల్లల దగ్గర ఉపవాసులు ఎంత ప్రశాంతంగా కూర్చుంటారో.

ఉత్తరాది వాళ్ళు ఈ విషయంలో మనకన్నా పట్టుదల గలవాళ్ళు. వాళ్ళ వ్రతాల్లో బియ్యంతో పాటు గోధుమలూ పోతాయి, మామూలు ఉప్పు పోయి సైంధవ లవణం వస్తుంది. అలాగని వాళ్ళూ మాడి చావరు లెండి. సగ్గుబియ్యం కిచిడీ, కుట్టు పిండి పూరీలు, బంగాళాదుంప వేపుడు, అన్నీ ఉంటాయి. చాతుర్మాస్యం పట్టేవాళ్ళది మరో వరస. మొదటి నెల కూరలు, రెండో నెల పెరుగు, మూడో నెల పాలు, నాలుగో నెల పప్పుధాన్యాలు మానాలి. ఆ నాలుగో నెలే కార్తీకం. అంటే వాళ్ళు సరిగ్గా పెసలు మానేసే నెలలో మేం పెసలు బస్తాలెత్తుతున్నామన్నమాట. ఇక పూరీ క్షేత్రంలో ఏకాదశి నాడు కూడా జగన్నాథుడి అన్నప్రసాదం భేషుగ్గా తినొచ్చు. అక్కడ స్వామి ఏకాదశిని తలకిందులుగా కట్టేశాడని చెబుతారు. ఈ కథ విన్నప్పటి నుంచీ నాకు జగన్నాథుడంటే మరీ అభిమానం.

అందరికన్నా నిజాయితీపరుడు భీముడు. ఏకాదశి ఉపవాసాలు నా వల్ల కాదు మొర్రో అని వ్యాసుడి దగ్గర ఒప్పేసుకున్నాడు. ఆయన కూడా కోప్పడకుండా, పోనీ జ్యేష్ఠమాసంలో ఒక్క ఏకాదశి నీళ్ళు కూడా ముట్టకుండా ఉండు, ఏడాది మొత్తానికీ సరిపోతుందన్నాడు. ఆ ఒక్కరోజుకీ భీముడు ఉప్మా అడిగినట్టు ఎక్కడా లేదు.

కార్తీకపురాణంలో సోమవార వ్రతం ఆరు రకాలుగా చెప్పారు. ఉపవాసం, ఏకభుక్తం, నక్తం, అయాచితం, స్నానం, తిలదానం. ఎవరి ఓపికని బట్టి వాళ్ళు. వీటిలో నాకు నచ్చింది అయాచితం. తన కోసం తను వండుకోకుండా, నోరు తెరిచి ఎవర్నీ అడక్కుండా, ఎవరైనా పిలిచి పెడితేనే తినాలి. ఎంత గొప్ప ఏర్పాటు! ఒకరు నోరు కట్టుకుంటే ఇంకొకరు చెయ్యి చాపాలి. పెదమావగారు ఈ వ్రతం పట్టాలని నేను చాలాసార్లు మొక్కుకున్నాను. ఆయన పట్టలేదు. పోనీ నేను పడదామంటే వంటింట్లో ఉన్నవాళ్ళకి ఇది కుదిరేది కాదు. ఇంటిల్లిపాదికీ వండి వడ్డించి, ఎవరో ఒకరు "నువ్వూ కూర్చోవమ్మా" అనేదాకా ఆగాలి. అనరు.

తిండికీ భక్తికీ ఉన్న సంబంధం గురించి పెద్దవాళ్ళు చాలా రాశారు గానీ, వాళ్ళెవరూ ఉప్పు సంగతి రాయలేదు. నా దృష్టిలో అసలు విషయమంతా అక్కడే ఉంది. దేవుడికి నైవేద్యం వండేటప్పుడు ఉప్పు చూడకూడదు. రుచి సరే, వాసన కూడా చూడకూడదు. శ్రావణ శుక్రవారమైనా, వినాయక చవితి ఉండ్రాళ్ళైనా, దసరాల్లో రోజుకో రకమైనా అంతే. కొత్తగా కాపురానికొచ్చినప్పుడు నాకిది చాలా భయంగా ఉండేది. పులిహోర ఉందనుకోండి. చింతపండు గుజ్జులో పచ్చిమిర్చి, పసుపు, ఉప్పు వేసి నూనె పైకి తేలేదాకా ఉడికించాలి. ఆ గుజ్జు ఎంత ముదిరితే ఉప్పు అంత బిగుస్తుంది. పైగా కొత్త చింతపండు పులుపు వేరు, పాతది వేరు. నాలిక మీద చుక్క వేసుకుంటే క్షణంలో తేలిపోయే విషయం. వేసుకోకూడదు.

మా అత్తగారు నాకు నేర్పిన పద్ధతి ఒకటే. ఉప్పుజాడీలో చెయ్యి పెట్టేముందు తడి తుడుచుకోవాలి. ఎప్పుడూ కుడి అరచేతి గుంటలోకే తీసుకోవాలి. పైన గుట్టలా లేచినదాన్ని బొటనవేలితో జాడీలోకి నెట్టెయ్యాలి. మిగిలింది తవ్వెడు బియ్యానికి సరి. కలిపాక ఆవిడ అన్నాన్ని కాస్త పక్కకి ఒత్తిగించి చూసేవారు. మెతుకు పొడిపొడిగా, పసుపు సమంగా పట్టి మెరుస్తుంటే ఉప్పు కూడా సమంగా పట్టినట్టే. ఆ తర్వాత దేవుడి ముందు పెట్టి, గంట వాయించి, హారతిచ్చి, అందరి విస్తళ్ళలో వడ్డించేదాకా వండిన మనిషికి తెలియదు అది తినేలా ఉందో లేదో. ఆ కాస్సేపూ నాకు దేవుడి మీద ఉన్నంత నమ్మకం మరెప్పుడూ ఉండేది కాదు. ఉప్పెక్కువైతే దేవుడు ఏమీ అనడు, పెదమావగారు అంటారు.

తిరుమల పోటులో, అంటే స్వామివారి వంటశాలలో, దీనికో లెక్క కట్టి పెట్టుకున్నారు. దాన్ని దిట్టం అంటారు. 5,100 లడ్డూలకి శనగపిండి 180 కిలోలు, నెయ్యి 165, చక్కెర 400, జీడిపప్పు 30, కిస్‌మిస్ 16, కలకండ 8, యాలకులు 4. మొత్తం 803 కిలోలు. ఆ లడ్డూకి 2009లో భౌగోళిక గుర్తింపు కూడా వచ్చింది. నన్నడిగితే, ఉప్పూ తీపీ చూసుకోనివ్వని వంటశాలలోనే ఇంత నిక్కచ్చి కొలత పుడుతుంది. రుచి చూసుకునే వెసులుబాటు ఉన్నవాళ్ళు కొలతల జోలికి పోరు, మా వదినగారి లాగా.

ఉప్పు చూడకుండా వండే కష్టం మాకే ఉందనుకునేదాన్ని. మా ఎదురింట్లో దర్జీగారి కుటుంబం ఉంటుంది. ఓ ఏడాది రంజాను నెల రోహిణీకార్తెలో వచ్చింది. రాజమండ్రి ఎండలు మీకు తెలియనివి కావు. తెల్లవారుజామున సహరీకి లేచి వండిన దర్జీగారి భార్య, పొద్దస్తమానం మంచినీళ్ళు కూడా లేకుండా ఉండి, సాయంత్రం నాలుగయ్యేసరికి మళ్ళీ పొయ్యి ముందు కూర్చునేది, ఇఫ్తారుకి పకోడీలు వేయించడానికి. "రోజా ఉండడానికి నాకేం భయం లేదక్కా, పిండిలో ఉప్పు వెయ్యడానికే భయం" అంది. నాకు ఒక్కసారిగా ఆవిడ మీద తోబుట్టువంత ప్రేమ పుట్టుకొచ్చింది. ఆవిడది ఇంకా గట్టి చెయ్యి. ఖీమా, శనగలు, షర్బతు, పళ్ళముక్కలు అన్నీ కళ్ళతోనే చూసి దించేది. ఊరు ఊరంతా హలీం కోసం వరసలు కడుతోందని, హైదరాబాదు హలీముకి 2010లోనే భౌగోళిక గుర్తింపు వచ్చిందని పేపర్లలో రాస్తారు. మంచిదే. నాకు మాత్రం రంజానంటే ఆ పకోడీలే.

పండగనాడు ఆవిడ షీర్‌ఖుర్మా పంపేది. చిక్కటి పాలు, నేతిలో వేగిన సన్న సేమ్యా, ఖర్జూరం ముక్కలు, సారపప్పు, మూత తీస్తే ఇల్లంతా ఘుమఘుమ. పిల్లలూ, మా అత్తగారూ, నేనూ గిన్నె ఖాళీ చేసేవాళ్ళం. పెదమావగారు ముట్టేవారు కాదు. "మనకి పడదమ్మాయ్" అనేవారు. ఏం పడదో చెప్పేవారు కాదు. ఆ పాలు మా ఇంటికొచ్చే పాలవాడు పోసినవే.

ఈయనే ఏటా కార్తీక పౌర్ణమికి సత్యనారాయణ వ్రతం చేయించి, అయిదు కథలూ కళ్ళు మూసుకుని వినేవారు. ఆ కథలు మీరూ వినే ఉంటారు. అందులో కఠిన ఉపవాసాలు చేసి గెలిచినవాడు ఎవడూ లేడు. వచ్చే చిక్కులన్నీ మొక్కు మర్చిపోయినవాళ్ళకీ, ప్రసాదం కాదన్నవాళ్ళకే. కళావతి మొగుడొచ్చాడన్న సంబరంలో ప్రసాదం తినకుండా పరిగెత్తింది, పడవ మునిగింది. తుంగధ్వజ మహారాజు వేటకెళ్ళాడు. చెట్టుకింద గొల్లవాళ్ళు పూజ చేసి ప్రసాదం తెచ్చి ముందు పెట్టారు. పెట్టినవాళ్ళెవరో చూశాడు, ముట్టకుండా వెళ్ళిపోయాడు. బిడ్డలూ సంపదా అన్నీ పోయాయి. మళ్ళీ ఆ గొల్లవాళ్ళ దగ్గరికే వచ్చి, వాళ్ళతో కూర్చుని పూజ చేసి ప్రసాదం తిన్నాకే అన్నీ తిరిగొచ్చాయి. ఓసారి పురోహితుడు ఈ అధ్యాయం చదువుతుంటే నేను పెదమావగారి వైపే చూస్తూ కూర్చున్నాను. ఆయన భక్తిగా తలాడిస్తున్నారు. కథ అయ్యాక, తుంగధ్వజుడు చేసింది తప్పేనంటారా అని అడిగాను. "తప్పు కాదూ మరీ! ప్రసాదం ఎవరు పెడితేనేం?" అన్నారు. నేనింకేం మాట్లాడలేదు. మాట్లాడితే ఆయన ఆ రాత్రి అలిగి నిజంగానే ఉపవాసం ఉంటారని భయం.

నెల్లూరు వాళ్ళకి ఈ బాధలేవీ లేవు. మొహర్రం నెలలో బారాషహీద్ దర్గా దగ్గర స్వర్ణాల చెరువులో దిగి రొట్టెలు మార్చుకుంటారు. కోరిక తీరినవాళ్ళు రొట్టె తెచ్చి పంచుతారు, కోరిక ఉన్నవాళ్ళు పుచ్చుకుంటారు. చదువు రొట్టె, ఉద్యోగం రొట్టె, పెళ్ళి రొట్టె, సంతానం రొట్టె. మోకాళ్ళ లోతు నీళ్ళలో నిలబడి, ఎవరి చేతి రొట్టె ఎవరు తింటున్నారో అడిగేవాడు లేడు. మా పెద్దమ్మాయి ఉద్యోగానికని నేనూ ఓసారి వెళ్ళాను. ఎవరో ముసలావిడ సగం రొట్టె నా చేతిలో పెట్టింది. ఉప్పు లేదు, గట్టిగా ఉంది. ఒక్క ముక్క కూడా పారెయ్యకుండా తిన్నాను.

సత్యనారాయణస్వామి పేరెత్తితే అన్నవరం ప్రసాదం తలుచుకోకుండా ఉండలేను. గోధుమనూక, తీపి, నెయ్యి, యాలకుల పొడి. ఇంతకన్నా ఏమీ లేదు. ఇంట్లో అవే సరుకులు తెచ్చి ఎన్ని రకాలుగా వండినా ఆ రుచి రాదు. నా అనుమానమంతా ఆ విస్తరాకు మీదే. వేడివేడి నూకని ఆకులో పెట్టి పొట్లం కడితే నెయ్యి ఆకులోకి, ఆకు పసరు వాసన నూకలోకి దిగుతాయి. చిన్నప్పుడు విశాఖపట్నం వెళ్ళే బస్సు కొండ కింద కాస్సేపు ఆగేది. మా నాన్న దిగి పరిగెత్తుకెళ్ళి పొట్లాలు తెచ్చేవారు. తుని వచ్చేసరికి ఆకుకి అంటిన నూక కూడా గీకి తినేసేవాళ్ళం. ఇప్పుడు మా బంధువులు కొందరు ఆ పొట్లం విప్పి, చక్కగా ఉంటుందని ప్లాస్టిక్ డబ్బాలోకి సర్ది ఫ్రిజ్‌లో పెట్టి, రెండ్రోజుల తర్వాత చెంచాతో తీసి పెడుతున్నారు. దాన్ని నేను ప్రసాదమనను, గోధుమనూక హల్వా అంటాను. అన్నవరం మీదుగా వచ్చేవాళ్ళకి నా మనవి ఒక్కటే. పొట్లం విప్పకుండా తెండి. తెచ్చేవి రెండు తెండి, ఒకటి ఎదురింటికివ్వాలి.