గడ్డి వంతెన

పెరూ దేశమున, కుస్కో నగరమునకు దక్షిణముగా, ఆండీస్ పర్వతములలో కేవే యను చిన్న జిల్లా గలదు. సముద్రమట్టమునకు సుమారు 3,700 మీటర్లకు పైనున్న ఆ నేలపై చెట్లు అరుదు. కొండవాలులన్నియు ఎండుగడ్డి వన్నెతో నుండును. పగలు ఎండ చుఱుక్కుమనును. జూన్ రాత్రులలో నీరు గడ్డకట్టును. ఈ చలినే అచటివారు పనికత్తెగా చేసికొనిరి. బంగాళాదుంపలను రాత్రి మంచులో పఱచి, పగలు కాళ్లతో త్రొక్కి నీరు పిండి, ఎండబెట్టి, ఏండ్ల తరబడి నిలువ యుంచుకొందురు. ఆ ఎండుదుంపకు చూన్యో యని పేరు.

వారి భాష కెచువా. 1780లో స్పానిష్ ప్రభుత్వముపై తిరుగబడిన రెండవ టూపాక్ అమారు ఈ కానాస్ సీమవాడే. మరుసటి యేట నాతనిని వధించిన పాలకులు ఆ భాషను సైతము అణచజూచిరి. అది బ్రదికినది, 1975లో పెరూ దేశమున అధికారభాషగా గుర్తింపు పొందినది. తెలుగువానికి ఆ భాషలో నొక చుట్టఱికము కనబడును. స్పానిష్ భాషలో లేని 'మనము', 'మేము' అను భేదము కెచువాలో గలదు: ఎదుటివానిని కలుపుకొన్నచో న్యొకాంచిస్, విడిచినచో న్యొకాయ్కు.

జిల్లాను చీల్చుకొని లోతైన లోయలో అపూరిమాక్ నది పారును. 'పలుకు దేవర' యని ఆ పేరున కర్థము. దానిపై సుమారు 28 మీటర్ల పొడవున కేస్వాచాకా యను గడ్డి వంతెన వ్రేలాడుచుండును. ఏటేట జూన్ నెలలో వించిరి, చౌపిబాండా, చొక్కాయ్వా, క్కొల్లానా కేవే యను నాలుగు గ్రామములవారు దానిని క్రొత్తగా కట్టుదురు. కోయా యను కసవును కోసి, రాళ్లతో నలుగగొట్టి, నీట తడిపి, స్త్రీలు సన్నని త్రాళ్లు పేనుదురు. ఇంటింటి త్రాళ్లును గట్టునకు చేరును. పురుషులు వానిని పెనవేసి తొడలావు మోకులు చేయుదురు: నాలుగు అడుగునకు, రెండు చేతియూతకు. ప్రాత వంతెనను కోసి నదిలో విడుతురు. నేర్పరులు ఇరుగట్లనుండి మోకులపై కూర్చుండి, ప్రక్కలు అల్లుకొనుచు నడుమకు వత్తురు. మూడు దినములలో పని ముగియును. నాల్గవ దినము పండుగ. 2013లో యునెస్కో ఈ విద్యను మానవజాతి వారసత్వముగా గుర్తించినది.

దాపుననే వాహనములు పోవు వంతెన యొకటి యున్నది. కావున, నది దాటుటకే యైనచో ఈ శ్రమ అక్కఱలేదు. 2020లో మహమ్మారి మూలమున జనులు గుమిగూడరాదయ్యెను; ఆ యేడు పాత మోకులే మిగిలినవి. 2021 మార్చిలో వంతెన తెగి కూలినది. గడ్డికి ఒక్క యేటి విరామమైనను తాళదు. ఆ జూన్ నెలలోనే గ్రామస్థులు మరల కసవు పట్టి, వంతెన నిలిపిరి.

ఇనుప వంతెన దాటువానికి పొరుగువానితో పని లేదు. గడ్డి వంతెనకు ప్రతి యింటి త్రాడును కావలెను. పొలముల విషయమున, పశువుల విషయమున ఏ యూరికాయూరు 'మేము' అనుకొనవచ్చును. ఏటి కొకసారి ఆ నదిపై నాలుగూళ్లును 'మనము' అగును. చదువులకు, కూలికి పట్టణములు చేరిన యువకులు జూన్ నెలకు తిరిగి వచ్చినంతవఱకే ఆ మాట నిలుచును. తల్లుల ప్రక్కన కూర్చున్న బాలికలు, ఈనాటికిని, అరచేతుల నడుమ కసవు పేనుట నేర్చుకొనుచున్నారు.