పాత ప్లేట్లకు క్రొత్త ప్రతులు

నిజాంసాగరపు కాలువలు పారిన పిమ్మట కృష్ణా, గుంటూరు మండలములనుండి సేద్యమునకై బోధను ప్రాంతమునకు వలసవచ్చిన కుటుంబములలో మా యత్తగారి పుట్టినిల్లొకటి. వారు తెచ్చుకొన్న సామానులలో ఇత్తడి బిందెలతోబాటు ఒక పెట్టెడు గ్రామఫోను ప్లేట్లుండెను. ఆ పెట్టె యిప్పుడు డిచ్‌పల్లిలో మా యింట నున్నది. హరిశ్చంద్ర పాత్రకు పేరొందిన డి. వి. సుబ్బారావుగారి పద్యములును, పురుషులై యుండియు సత్యభామ వేషమున స్త్రీలనే మురిపించిన స్థానం నరసింహారావుగారి పాటలును అందు గలవు.

"అవన్నీ ఫోనులో దొరుకుతాయి వదినా, ఈ బరువెందుకు?" అని మా మరది వాదము. అన్నియు దొరకవు. దొరికినవియు పూర్తిగా దొరకవు. ఇది మాకు నిరుడు వేసవిలో తెలిసినది. పెట్టె దింపుచుండగా ఒక ప్లేటు జారి రెండు చెక్కలయ్యెను. మన లక్కగాజుల లక్కయే వీనికిని ఆధారము గావున, తటాలున పగులును. పట్నములోని యొక దుకాణమున లోగడ చేయించిన ఎంపీ3 ప్రతి యుండుటచే ఊరడిల్లితిమి. విని చూడగా, గరగర తీసివేయుటలో పద్యాంతమున గాయకుడు ఊపిరి పీల్చు చప్పుడును, స-శల భేదమును గూడ కొట్టుకొనిపోయినవి. మా యత్తగారు కాసేపు విని, "ఇది మా నాన్న విన్న గొంతు కాదే అమ్మాయీ" అనిరి.

సోదరీమణులారా, ఎంపీ3 యనగా పట్టుచీర పెట్టెలో పట్టలేదని అంచు కత్తిరించుట వంటిది. 2001లో వెలువడిన ఫ్లాక్ అను పద్ధతి చీరను మడత పెట్టుట వంటిది. విప్పినచో ఒక్క పోగైనను తగ్గదు. మూడు నిమిషముల పాట ఎంపీ3లో మూడు మెగాబైట్లైన, ఇందు ఏబది, అరువది యగును. ఈనాడు అదియొక భారమా?

పాత గ్రామఫోను మీద తిప్పి పట్టరాదు; ఉక్కుముల్లు బరువునకు గాడి అరిగిపోవును. తేలికచేయి గల విద్యుత్ యంత్రమునకు, 78 వేగపు ప్లేట్లకై చేసిన వెడల్పు ముల్లు అమర్చితిమి. సెకనుకు 96,000 మారులు, 24 బిట్ల కొలతతో ధ్వనిని పట్టుచున్నాము. ప్లేటును స్పిరిటుతో తుడువరాదు, లక్క కరగును. గరగరను మూలప్రతిలో నట్లే యుంచి, వినుటకు వేరొక ప్రతిలో మాత్రమే తగ్గింతుము.

న్యూయార్కు నగరమున నల్లజాతి యువకులు మొదలగువారు కల్పించిన హిప్‌హాప్ పాటల తొలి రికార్డులను, 1979 నాటివానిని, అభిమానులు ఇట్లే కాపాడుకొనుచున్నారు. ఏబదియేండ్లు నిండని పాటలకే వారంత శ్రమపడుచుండ, మన నాటకపద్యములను పాతసామానువానికి తూచి యిచ్చుట మాకు సిగ్గుగా తోచినది.

చీటీ మీది సంఖ్య, గాయకుని పేరు మేము వ్రాయుదుము. ఏ ప్లేటు ఏ పండుగకు కొన్నారో మా యత్తగారు చెప్పుదురు. ఆ సంగతి ఏ చీటీ మీదను లేదు. ఇంకను పదునాలుగు ప్లేట్లు మిగిలినవి. రెండింటికి నెరియలు కలవు. ముందుగా వానినే పట్టుచున్నాము.